డెడ్ అయిన ఫోన్, 9008 పోర్టు: అపోహలు - వాస్తవాలు

అపోహ: స్క్రీన్ వెలగక, ఛార్జింగ్ గుర్తు కూడా రాకపోతే బోర్డు పోయినట్టే.

వాస్తవం: క్వాల్కమ్ చిప్‌లో మొట్టమొదట నడిచే ప్రోగ్రాం తయారీ సమయంలోనే చిప్ లోపలి రామ్‌లో కాక, మార్చడానికి వీల్లేని రోమ్‌లో స్థిరపడి ఉంటుంది కాబట్టి, తప్పుడు ఫైలు వేసినంత మాత్రాన అది చెడదు. తర్వాతి బూట్‌లోడర్ (ఫోన్ సాఫ్ట్‌వేర్‌ను మొదలుపెట్టే ప్రోగ్రాం) దొరకనప్పుడు అది ఈడీఎల్ అనే అత్యవసర మోడ్‌లోకి వెళ్లి, కంప్యూటర్‌లో క్యూడీలోడర్ 9008 పోర్టుగా కనిపిస్తుంది; మీడియాటెక్‌లో ఈ పనిని బూట్‌రోమ్ చేస్తుంది. అందుకే ముందుగా చూడవలసింది కంప్యూటర్‌కు తగిలించిన పరికరాల జాబితా చూపే విండోస్ డివైస్ మేనేజర్‌నే. అక్కడ ఏ పోర్టూ రాకపోతే కేబుల్, ఛార్జింగ్ కనెక్టర్, బ్యాటరీ పరీక్షించి, ఆపైన డీసీ పవర్ సప్లై మీద బోర్డు ఎంత కరెంటు తీసుకుంటోందో చూడాలి. ఆ దశలో ఫ్లాషింగ్ టూల్ (ఫోన్‌లోకి సాఫ్ట్‌వేర్ ఎక్కించే ప్రోగ్రాం) చేయగలిగింది ఏమీ లేదు.

అపోహ: 9008 పోర్టు వస్తే, అదే చిప్ ఉన్న ఏ ఫోన్ ఫైలైనా పనిచేస్తుంది.

వాస్తవం: పోర్టు కనిపించడం తలుపు దాకా చేరడం మాత్రమే. ఈడీఎల్‌లో వాడే సహారా ప్రోటోకాల్ ద్వారా ఫోన్‌లోకి పంపే ఫైర్‌హోస్ ప్రోగ్రామర్ (ఫోన్ మెమరీని చదివి, రాసే చిన్న ప్రోగ్రాం) ఫైలు మీద ఆ ఫోన్ కంపెనీ డిజిటల్ సంతకం ఉండాలి. ఆ సంతకాన్ని చిప్‌లోని ఫ్యూజుల్లో (ఒకసారి రాస్తే మార్చలేని చోట్లలో) ఉన్న విలువతో సరిపోల్చి, తేడా వస్తే చిప్ తిరస్కరిస్తుంది. షావోమీ వంటి కంపెనీలు కొన్ని మోడళ్లలో దీనికి తోడు అధీకృత సర్వీస్ ఖాతాను కూడా అడుగుతాయి. బోర్డు మీద ఉండే టెస్ట్ పాయింట్‌ను షార్ట్ చేయడం ఫోన్‌ను ఈడీఎల్‌లోకి నెడుతుందే తప్ప, సంతకం తనిఖీని తప్పించదు.

అపోహ: పాత వెర్షన్ వేస్తే సురక్షితం.

వాస్తవం: పాత వెర్షన్‌కు వెనక్కి వెళ్లనివ్వని యాంటీ-రోల్‌బ్యాక్ రక్షణ ఉన్న ఫోన్లలో ఇది తలకిందులవుతుంది: పాత వెర్షన్ వేస్తే ఫోన్ అసలు ఆన్ కాకుండా పోవచ్చు.

అపోహ: "ఫార్మాట్ ఆల్" ఎంచుకుంటే పని శుభ్రంగా అవుతుంది.

వాస్తవం: నా దృష్టిలో మీడియాటెక్ ఫోన్లకు వాడే ఎస్పీ ఫ్లాష్ టూల్‌లో అన్నిటికన్నా ప్రమాదకరమైన ఎంపిక ఇదే. ఐఎంఈఐ (ఫోన్ గుర్తింపు నంబరు), నెట్‌వర్క్ రేడియో క్యాలిబ్రేషన్ (సర్దుబాటు విలువలు), వైఫై చిరునామా ఉండే ఎన్‌వీరామ్ అనే మెమరీ భాగం కూడా దీనితో తుడిచిపెట్టుకుపోతుంది. ఆ క్యాలిబ్రేషన్ ఆ ఒక్క బోర్డుకే చెందినది కనుక మరో ఫోన్ బ్యాకప్ దానికి సరిగా నప్పదు. అందువల్ల రీడ్ చేయగలిగినప్పుడే ఆ పార్టిషన్లను (మెమరీ భాగాలను) భద్రపరచి, "డౌన్‌లోడ్ ఓన్లీ"తోనే మొదలుపెట్టాలి. ఇక ఐఎంఈఐని వేరే నంబరుతో మార్చడం 2023 నాటి టెలికమ్యూనికేషన్ల చట్టం ప్రకారం నేరం, కస్టమర్ ఎంత బతిమాలినా సరే.

అపోహ: ఈడీఎల్‌లో మెమరీ మొత్తం చదివేస్తే ఫోటోలు బయటపడతాయి.

వాస్తవం: ఆండ్రాయిడ్ 10తో, ఆ తర్వాత విడుదలైన ఫోన్లలో యూజర్ డేటా ఎన్‌క్రిప్ట్ అయి ఉంటుంది, దాన్ని తెరిచే తాళంచెవులు ఆ ఫోన్ చిప్‌కూ, లాక్ పిన్‌కూ ముడిపడి ఉంటాయి కనుక, అలా చదివి తీసిన కాపీ నుంచి ఒక్క ఫోటో కూడా తెరవలేం. ఆశ ఉన్న దారి ఒకటే: యూజర్‌డేటా పార్టిషన్ ఎదుట ఉన్న టిక్ తీసేసి, పాడైన బూట్ పార్టిషన్లను మాత్రమే అదే వెర్షన్ ఫైళ్లతో తిరిగి రాసి, ఫోన్ తనంతట తానే ఆన్ అయ్యేలా చూడటం.