థాలిడమైడ్ పిల్లలూ, హెరాల్డ్ ఎవాన్స్ పట్టుదలా

1972 నాటి బ్రిటన్‌లో ఒక వివాదం కోర్టుకెక్కిందంటే, అది తేలేదాకా తప్పెవరిదో పత్రికలు రాయడానికి లేదు. రాస్తే కోర్టు ధిక్కారం. న్యాయమూర్తుల మీద ఒత్తిడి పడకూడదని పెట్టుకున్న నియమమే అది. కానీ కేసు పదేళ్లు నానితే? ఆ పదేళ్లూ నష్టపోయినవాళ్ల గోడు జనానికి చేరదు. గర్భిణులు వాడిన థాలిడమైడ్ అనే మందు వల్ల వైకల్యంతో పుట్టిన బాధితులకు జరిగింది అదే. ఆ మౌనాన్ని బద్దలు కొట్టిన మనిషి 'సండే టైమ్స్' సంపాదకుడు హెరాల్డ్ ఎవాన్స్.

ఆయన 1928లో మాంచెస్టర్ పక్కనున్న ఎకిల్స్‌లో పుట్టారు. తండ్రి రైలింజను డ్రైవరు. పదహారేళ్లకే ఒక వారపత్రికలో విలేకరిగా చేరారు. 1961లో డార్లింగ్టన్ నుంచి వెలువడే 'నార్తర్న్ ఎకో'కు సంపాదకుడయ్యారు. ఒక విషయం పట్టుకుంటే ఫలితం కనబడేదాకా వదలకుండా రాయడం అక్కడే అలవాటైంది. గర్భాశయ ముఖద్వార క్యాన్సర్‌ను ముందే పసిగట్టే పరీక్ష ఆడవాళ్లందరికీ అందాలని రాశారు. చెయ్యని హత్యకు 1950లో ఉరికంబమెక్కిన తిమోతీ ఎవాన్స్ పేరు మీది మచ్చ తుడవాలని రాశారు (ఇంటిపేరు ఒకటే, చుట్టరికం లేదు). 1966లో ఆ మృతుడికి క్షమాభిక్ష దక్కింది.

మరుసటి ఏడాది 'సండే టైమ్స్' పగ్గాలు అందాయి. థాలిడమైడ్ కథ అప్పటికే ముదిరి ఉంది. విస్కీ వ్యాపారంలో పేరుమోసిన డిస్టిలర్స్ కంపెనీ 1958లో ఈ మందును బ్రిటన్‌లో అమ్మడం మొదలుపెట్టింది. గర్భిణులు కూడా నిశ్చింతగా వాడొచ్చని చెప్పింది. 1961 చివర్లో వెనక్కి తీసుకునేసరికే కాళ్లూ చేతులూ ఎదగని పసివాళ్లు వందల మంది పుట్టేశారు. 1962లో మొదలైన దావాలు పదేళ్లయినా తెమల్లేదు. అప్పటికింకా పరిహారం తేలని కుటుంబాలన్నిటికీ కలిపి కంపెనీ ఇవ్వజూపింది 32.5 లక్షల పౌండ్లు. ఒక్కో బిడ్డ జీవితాంతం మోయాల్సిన ఖర్చు ముందు అది ఏ మూలకు?

1972 సెప్టెంబర్ 24న పత్రిక 'మన థాలిడమైడ్ పిల్లలు: జాతికే సిగ్గుచేటు' అని శీర్షిక పెట్టింది. చట్టం ప్రకారం దోషి ఎవరన్న జోలికి పోకుండా, కంపెనీకి నైతిక బాధ్యత ఉందని నిలదీసింది. డిస్టిలర్స్ ఆ పత్రికకు భారీగా ప్రకటనలిచ్చే సంస్థ. అయినా యజమాని రాయ్ థామ్సన్ అడ్డు చెప్పలేదు. ఎవాన్స్ పేరు తలిచినప్పుడు ఈ థామ్సన్‌ను మరిచిపోవడం అన్యాయమని నాకనిపిస్తుంది.

మందును ఎలా పరీక్షించారో చెప్పే రెండో కథనాన్ని అటార్నీ జనరల్ కోర్టుకెళ్లి ఆపించారు. అప్పీల్ కోర్టు నిషేధం ఎత్తేస్తే, 1973 జులైలో, అప్పట్లో దేశపు అత్యున్నత న్యాయస్థానం కూడా అయిన హౌస్ ఆఫ్ లార్డ్స్ మళ్లీ విధించింది. ఈలోగా ఎంపీ జాక్ ఆష్లీ పార్లమెంటులో గొంతెత్తారు. ఆయన స్వయంగా వినికిడి కోల్పోయిన మనిషి. వాటాదార్లు కూడా తిరగబడటంతో కంపెనీ 2 కోట్ల పౌండ్లకు దిగివచ్చింది.

ఎవాన్స్ అక్కడితో ఆగలేదు. పత్రిక స్ట్రాస్‌బర్గ్‌లోని ఐరోపా మానవ హక్కుల కోర్టు తలుపు తట్టింది. 1979 ఏప్రిల్ 26న 11-9 ఓట్లతో గెలిచింది. నిషేధం భావప్రకటన స్వేచ్ఛకు భంగమని తీర్పు. రెండేళ్లకు బ్రిటన్ కోర్టు ధిక్కార చట్టాన్నే మార్చుకుంది. విచారణకు గట్టి హాని జరిగే ప్రమాదం ఉంటేనే ఇప్పుడు నేరం.

అదే 1981లో మీడియా వ్యాపారి రూపర్ట్ మర్డోక్ 'సండే టైమ్స్'నూ, దాని తోటి దినపత్రిక 'టైమ్స్'నూ కొన్నారు. సంపాదకుల స్వేచ్ఛకు హామీలిచ్చి మరీ కొన్నారు. 'టైమ్స్'కు మారిన ఎవాన్స్ ఏడాది తిరిగేసరికి, 1982 మార్చిలో, యజమానితో విభేదాల నడుమ రాజీనామా చేయాల్సి వచ్చింది. తర్వాత అమెరికాలో ప్రచురణ రంగంలో స్థిరపడి, 2020లో న్యూయార్క్‌లో కన్నుమూశారు.

బ్రిటన్ ప్రభుత్వం థాలిడమైడ్ బాధితులకు అధికారికంగా విచారం తెలిపింది 2010 జనవరిలో. అప్పటికి ఆ పిల్లలకు యాభై ఏళ్లు దగ్గరపడుతున్నాయి. చేతులు చేయాల్సిన పనులు పాదాలతో, పళ్లతో చేసీ చేసీ చాలామందికి కీళ్లు అరిగిపోయాయి.