‘అబ్దుల్’ దగ్గర పేరు ఆగదు: అపోహలు - వాస్తవాలు

జనన ధ్రువపత్రాలు, నికాహ్‌నామాలు, గల్ఫ్ వీసా కాగితాలు అరబ్బీలోకి మార్చేవాళ్లకు రోజూ ఎదురయ్యే తప్పు ఒకటుంది. గివెన్ నేమ్ గడిలో ‘అబ్దుల్’, సర్‌నేమ్ గడిలో ‘రహ్మాన్’. చూస్తే ఏ లోపమూ కనపడదు. బడిలో, బ్యాంకులో, రేషన్ కార్డులో ఇట్టే నడిచిపోతుంది. ఆ కుర్రాడు వీసాకు కాగితాలు పెట్టేదాకా అది తప్పని ఇంట్లో ఎవరికీ తెలియదు. తెలిసేసరికి టికెట్టు డబ్బు, వీసా గడువు, ఉద్యోగంలో చేరాల్సిన తేదీ ఒక్కసారిగా మీద పడతాయి. ఎక్కువ నష్టం చేసేది ఇదే కాబట్టి ముందు దీని సంగతే.

అపోహ: ‘అబ్దుల్’ పేరు, ‘రహ్మాన్’ ఇంటిపేరు.

వాస్తవం: రెండూ కలిస్తేనే ఒక్క పేరు. ‘అబ్ద్’ అంటే దాసుడు, ఆరాధకుడు. ఇబాదత్ (ఆరాధన), మాబూద్ (ఆరాధ్యుడు) అనే మాటలు పుట్టింది కూడా ఈ ధాతువు నుంచే. తర్వాతి ‘అల్’ రహ్మాన్‌కు ముందు చేరే మాట. ‘అబ్దు’ చివరి ఉకారం విభక్తి గుర్తు. అది ‘అల్’లోని లకారంతో కలిసిపోయి మన చెవికి ‘అబ్దుల్’ అని వినిపిస్తుంది. అంటే ఆ ‘ల్’ అబ్ద్‌ది కాదు, వెనకాల వచ్చే మాటది. ‘అబ్దుల్’ అని ఆపేస్తే ఎవరి దాసుడో చెప్పకుండా నోరు మూసుకున్నట్టే. రామదాసు అనే ఆయనకు ‘దాసు’ పేరు, ‘రామ’ ఇంటిపేరు అని రాసి, రేపు ఆయన పిల్లలకూ మనవళ్లకూ ‘రామ’నే ఇంటిపేరుగా తగిలిస్తే ఎలా ఉంటుందో ఇదీ అలాగే ఉంటుంది.

దీనివల్ల ఏం జరుగుతుందో చూడండి. ఒక ఇంట్లో ముగ్గురు అన్నదమ్ములు: అబ్దుల్ రహ్మాన్, అబ్దుల్ కరీం, అబ్దుల్ సత్తార్. ముగ్గురికీ ఇలాగే విడగొట్టి రాస్తే ముగ్గురి పేరూ అబ్దుల్, ఇంటిపేర్లు మాత్రం మూడు. కాగితం మీద వాళ్లు ఒకరికొకరు ఏమీ కారు. ఒకరు ఇంకొకరిని పిలిపించుకోవాలన్నా, తండ్రి ఆస్తి పంచుకోవాలన్నా బంధుత్వం రుజువు చేసుకోవడానికి తిరగాల్సి వస్తుంది. పైగా ‘రహ్మాన్’ పిల్లలకూ ఇంటిపేరైపోతుంది. రహ్మాన్, ఖాలిక్, రజాక్ లాంటివి అల్లాహ్‌కే చెందిన నామాలనీ, ముందు ‘అబ్ద్’ లేకుండా మనిషికి పెట్టకూడదనీ ఉలేమాలు, అంటే మతపండితులు, చెబుతారు. కరీం, రషీద్, అజీజ్ లాంటివి విడిగా పెట్టుకున్నా అభ్యంతరం లేదు. ఎంతో శ్రద్ధగా, అడిగి తెలుసుకుని బిడ్డకు పేరు పెట్టుకున్న కుటుంబాలకు, గుమాస్తా గీసిన గీత వల్ల మనవడి పేరు అలా తేలడం నిజంగా బాధ కలిగిస్తుంది.

పాస్‌పోర్టు ఫొటో పేజీ అడుగున రెండు వరుసలుంటాయి, బాణాల్లాంటి గుర్తులతో. విమానాశ్రయంలో యంత్రం చదివేది పైన అచ్చయిన పేరును కాదు, వాటినే. మొదటి వరుసలో 44 స్థానాలు. మొదటి 5 పత్రం రకానికి, దేశానికి పోగా పేరుకు మిగిలేవి 39. అందులో ముందు ఇంటిపేరు, రెండు బాణాలు, ఆ తర్వాత పేరు. ‘రహ్మాన్’ను సర్‌నేమ్ గడిలో వేస్తే ఈ వరుస ‘రహ్మాన్, రెండు బాణాలు, అబ్దుల్’ అవుతుంది. గల్ఫ్‌లో అరబ్బీ పేరు టైపు చేసే మనిషి ముందుకు ‘అబ్దుల్’ ఒంటరిగా వస్తుంది. ఐన్, బా, దాల్ అనే అరబ్బీ అక్షరాలు రాసి, వినపడిన ఉకారానికి ఒక ‘వావ్’ కలిపి, చివర ‘లామ్’ పెడతాడు. సాధు అరబ్బీలో అలాంటి మాటకు అర్థమే లేదు. ఇకామా (అక్కడి నివాస అనుమతి కార్డు) మీద అదే దిగుతుంది, దాని వెంట బ్యాంకు ఖాతాలో, డ్రైవింగ్ లైసెన్సులో, అక్కడ పుట్టిన బిడ్డ జనన పత్రంలో కూడా అదే.

అమెరికా వెళ్లేవాళ్లకు ఇంకో చిక్కు. పాస్‌పోర్టులో సర్‌నేమ్ గడి ఖాళీగా ఉంటే వీసా మీద పేరంతా ఇంటిపేరు స్థానంలోకి వెళ్తుంది, పేరు స్థానంలో ‘ఎఫ్‌ఎన్‌యూ’ అని పడుతుంది. పేరు తెలియదు అని దాని అర్థం. ‘అబ్దుల్’ను మొదటి పేరుగా, ‘రహ్మాన్’ను మధ్య పేరుగా విడదీసి ఇస్తే, మధ్య పేరును చాలాచోట్ల ఒక్క అక్షరానికి కుదించేస్తారు. మిగిలేది మళ్లీ ఆ సగం మాటే.

మరి ఎలా రాయాలి? ఆంధ్ర, తెలంగాణల్లో ముస్లిం కుటుంబాలు చాలావరకు తెలుగువాళ్ల ఇంటిపేరు పద్ధతిలోనే షేక్, సయ్యద్, పఠాన్, మహమ్మద్ అని ముందు రాసుకుంటాయి. ఇక్కడ అదే సులువైన దారి. సర్‌నేమ్ గడిలో షేక్, గివెన్ నేమ్ గడిలో ‘అబ్దుల్ రహ్మాన్’ మొత్తం. విడిగా రాస్తారో కలిపి ‘అబ్దుర్రహ్మాన్’ అని రాస్తారో మీ ఇష్టం. జనన ధ్రువపత్రం, ఆధార్, పదో తరగతి మెమో, పాస్‌పోర్టు నాలుగింటిలోనూ ఒకే తీరు ఉండాలి. కలిపి రాసేవాళ్లు ఒకటి గుర్తుంచుకోవాలి: ఇంటిపేరు గడి ఖాళీగా ఉంటే పాస్‌పోర్టు మొత్తానికి అది ఒకే మాట అవుతుంది. 2022 నవంబర్‌లో యూఏఈ ఒకే మాట పేరున్న పాస్‌పోర్టుతో విజిట్ వీసా మీద వచ్చేవాళ్లను అనుమతించబోమని ప్రకటించింది. రెండో పేజీలో తండ్రి పేరో కుటుంబం పేరో ఉంటే ఒప్పుకుంటామని తర్వాత వివరణ ఇచ్చింది. అందుకే ఇంటిపేరు లేని కుటుంబాలు తండ్రి పేరు మొత్తాన్ని ఆ గడిలో రాయడం మేలు. మొత్తం అంటే మొత్తమే. తండ్రి అబ్దుల్ కరీం అయితే ‘కరీం’ అని కత్తిరించకండి.

బిడ్డ పుట్టిన ఇంట్లో అయితే పని ఇంకా తేలిక. జననం నమోదైన 12 నెలల్లోపు పేరు చేర్పిస్తే రుసుము ఉండదు. తర్వాత 15 ఏళ్లదాకా ఆలస్య రుసుము కట్టి చేర్పించుకోవచ్చు. బిడ్డ పుట్టినందుకు చేసే అకీకా వేడుక ఏడో రోజున అయిపోతుంది, పేరు ఖాయమైపోతుంది, మున్సిపాలిటీకి మాత్రం తీరిగ్గా వెళ్తారు. ఆ లోపే అంగన్‌వాడీలో, టీకా కార్డులో తలా ఒక స్పెల్లింగ్ పడిపోతుంది. ఇప్పటికే తప్పు పడినవాళ్లు కంగారు పడకండి. పాస్‌పోర్టు రీ-ఇష్యూలో వ్యక్తిగత వివరాల మార్పు కింద దరఖాస్తు పెట్టవచ్చు. దానికి ముందు ఆధార్, మెమో ఒకే తీరులో ఉన్నాయో లేదో చూసుకోవాలి, లేకుంటే అక్కడే ఆగుతుంది. ‘ఇద్దరూ ఒక్కరే’ అని నోటరీ చేయించిన అఫిడవిట్ ఇక్కడి ఆఫీసుల్లో పనికొస్తుంది కానీ, విమానాశ్రయంలో యంత్రం దాన్ని చదవదు.

అపోహ: అబ్దుల్ రహ్మాన్, అబ్దుర్ రహ్మాన్, అబ్దెర్రహ్మాన్ వేర్వేరు పేర్లు.

ఒకటే. అరబ్బీ అక్షరాలు 28లో 14 అక్షరాల ముందు ‘అల్’లోని లకారం పలకదు, ఆ అక్షరమే రెట్టిస్తుంది. ర, స, ష, న, ద, త, జ (జాయ్) ఆ జాబితాలోవే. అందుకే రాతలో ‘అబ్ద్ అల్ సలాం’, నోట్లో అబ్దుస్సలాం. అబ్దుస్సమద్, అబ్దుర్రషీద్, అబ్దున్నాసిర్ అన్నీ ఇంతే. కరీం, ఖాదిర్, మజీద్, గనీ, వహాబ్‌ల ముందు లకారం అలాగే ఉంటుంది. దేశం మారితే అచ్చులూ మారతాయి: ఈజిప్టులో అబ్దెల్, ఇరాన్‌లో అబ్దొల్, సోమాలియాలో అబ్ది, సెనెగల్‌లో అబ్దుల్లాహ్ కాస్తా అబ్దులాయె. ఆఖరి ఒట్టోమన్ ఖలీఫా పేరును తుర్కులు ‘అబ్దుల్‌మెజిద్’ అంటారు. మన ఊళ్లలో అబ్దుల్ మజీద్ అనేది అదే పేరు. ఆయన కూతురు దుర్రె షెహ్వార్ 1931లో నిజాం పెద్ద కొడుకు ఆజం జాను పెళ్లాడి హైదరాబాదు కోడలైంది. పేరు ఒకటే అయినా కాగితం మీద స్పెల్లింగ్ ఒకటి కాకపోతే అధికారికి అవి రెండు పేర్లే. కాబట్టి ఏది ‘సరైనది’ అనే వాదన మాని, మెమోలో ఏముందో దానికే కట్టుబడండి.

అపోహ: అబ్దుల్, అబుల్ ఒకటే.

కానే కావు. ‘అబూ’ అంటే తండ్రి. గోల్కొండ ఆఖరి సుల్తాను తానీషా పేరు అబుల్ హసన్, అంటే హసన్ తండ్రి. 1687లో ఔరంగజేబు సేనలు కోటలోకి చొరబడినప్పుడు ఒంటినిండా గాయాలతో పోరాడిన సేనాని అబ్దుర్రజాక్ లారీ. అంతకుముందు 1626 నుంచి 1672 దాకా ఏలిన సుల్తాను అబ్దుల్లా కుతుబ్ షా. మౌలానా ఆజాద్ కూడా అబుల్ కలాం, అబ్దుల్ కలాం కాదు. గుమాస్తాలు అబుల్‌ను తప్పనుకుని ‘ద’ చేర్చేస్తారు. సంతకం పెట్టేముందు చూసుకోండి.

అపోహ: ఇది ఇస్లాంతో పుట్టిన పేరు, ముస్లింలకే చెందినది.

వాస్తవం: ప్రవక్త ముహమ్మద్ తండ్రి పేరే అబ్దుల్లాహ్. ఆయన ఇస్లాం రాకముందే కన్నుమూశారు. ఆ రోజుల్లో అబ్ద్ షమ్స్ అంటే సూర్యుడి దాసుడు, అబ్ద్ అల్ ఉజ్జా అంటే ఉజ్జా దేవత దాసుడు అనే పేర్లు మక్కాలో మామూలు. ప్రవక్త పెదనాన్నల్లో ఒకరైన అబూ లహబ్ అసలు పేరు అబ్ద్ అల్ ఉజ్జాయే. ఇస్లాం వచ్చాక అలాంటి పేర్లు మార్చారు. అబ్ద్ అమ్ర్‌గా పిలిచిన సహాబీ (ప్రవక్త సహచరుడు) అబ్దుర్రహ్మాన్ ఇబ్న్ ఔఫ్ అయ్యారు. అల్లాహ్‌కు అన్నిటికన్నా ఇష్టమైన పేర్లు అబ్దుల్లాహ్, అబ్దుర్రహ్మాన్ అని హదీసులో, అంటే ప్రవక్త మాటల్లో, ఉంది. ఈ రెండూ ఇంతగా వ్యాపించడానికి కారణం అదే. ఇక అరబ్ క్రైస్తవుల్లో అబ్దుల్ మసీహ్, అంటే క్రీస్తు దాసుడు, ఎప్పటి నుంచో ఉన్న పేరు. తెలుగు బైబిల్లో ఓబద్యా అని చదువుతాం కదా, అదీ ఈ ధాతువే, హెబ్రూలో యెహోవా దాసుడు.

ప్రవక్త తాత పేరు అబ్దుల్ ముత్తలిబ్ కథ ఇంకా వేరు. ముత్తలిబ్ ఆయన చిన్నాన్నో పెదనాన్నో, దేవుడు కాదు. యస్రిబ్‌లో (ఇప్పటి మదీనాలో) తల్లి దగ్గర పెరుగుతున్న పిల్లవాణ్ని ముత్తలిబ్ మక్కాకు వెంటబెట్టుకుని వస్తే, జనం కొనుక్కొచ్చిన సేవకుడనుకుని ‘ముత్తలిబ్ దాసుడు’ అన్నారట. అసలు పేరు షైబా. పిలుపే నిలిచిపోయింది.

అపోహ: ‘దాసుడు’ అనే అర్థం చిన్నతనం.

ఇలా అనుకుని పేరు మార్చాలనే యువకులు ఈ మధ్య కనపడుతున్నారు. జెరూసలేంలో 691-92లో ‘డోమ్ ఆఫ్ ది రాక్’ అనే గుమ్మటం కట్టించిన ఖలీఫా పేరు అబ్దుల్ మలిక్. మలిక్ అంటే రాజు. అంత పెద్ద సామ్రాజ్యం ఏలినవాడు తనను ఆ పై రాజుకు దాసుడిగానే చెప్పుకున్నాడు. 756లో స్పెయిన్‌లోని కొర్దోబాలో రాజ్యం స్థాపించినవాడు అబ్దుర్రహ్మాన్. ఈ పేరు పెట్టుకున్నవాళ్లు ఎవరికీ తలదించుకోనక్కర్లేదు.

అపోహ: ఖాదర్, జీలానీ, గౌస్, మహబూబ్ సుభానీ, దస్తగిరి వేర్వేరు మహనీయుల పేర్లు.

ఐదూ ఒక్కరివే. 1166లో బాగ్దాదులో కన్నుమూసిన సూఫీ గురువు అబ్దుల్ ఖాదిర్ జీలానీవి. ఖాదిర్ అనేది ఆయన పేరులో రెండో సగం, జీలానీ పుట్టిన ప్రాంతం, గౌస్, మహబూబ్ సుభానీ బిరుదులు. దస్తగీర్ పారసీ మాట, చేయి పట్టి ఆదుకునేవాడు. రాయలసీమలో హిందువుల ఇళ్లలో కూడా దస్తగిరి పేరు పెట్టుకుంటారు. దాన్ని ఏదో కొండ పేరనుకుని ‘గిరి’కి అర్థం వెతకడం శుద్ధ దండగ.

చివరగా సంఖ్యాశాస్త్రం. అదృష్టం కోసం ‘ద’కు హెచ్ చేర్చి రాయిస్తున్నారు. అరబ్బీ టైపిస్టు డీ, హెచ్ కలిసి కనపడితే ‘దాల్’ బదులు ‘జాల్’ వేస్తాడు, ధాతువే మారిపోతుంది. ఫాతిమాలో టీ పక్కన హెచ్ పెట్టినా ఇదే గొడవ. మన షేక్ చివర ఒట్టి ‘కె’ ఉంటే అరబ్బీలో ‘ఖా’ రావలసిన చోట ‘కాఫ్’ పడుతుంది, అప్పుడది బ్యాంకు చెక్కు అనే మాట. మహమ్మద్‌ను ‘ఎండీ’ అని కుదిస్తే అక్కడ కూడా రెండక్షరాలే దిగుతాయి. అందుకని మసీదు ఇమామ్‌తోనో అరబ్బీ తెలిసినవాళ్లతోనో మీ పేరు అరబ్బీలో ఒక చీటీ మీద రాయించుకోండి, ఫోనులో ఫొటో తీసి పెట్టుకోండి. అక్కడ టైపింగ్ సెంటర్లో ఫారం సబ్మిట్ చేసేముందు తెర మీద అరబ్బీ వరుసను దాంతో అక్షరం అక్షరం సరిపోల్చి, ఆ తర్వాతే డబ్బు కట్టండి. అమ్మాయిల పేర్లలో అమతుల్ రహీం, అమతుల్ కరీం లాంటివి ఉంటే అవీ ఇదే కుదురు. ‘అమత్’ అంటే దాసి, దాన్ని కూడా ‘అమతుల్’ దగ్గర విరవకూడదు.