తాత నిద్ర, ఎనిమిది నిమిషాల్లో

మా పర్లాకిమిడి ఇంట్లో తాత అరుగు మీద నులక మంచంలో పడుకుంటే, ఫోన్ స్టాండుకి పెట్టి రాత్రంతా తీశాను. ఎనిమిది గంటల నిద్రని ఎనిమిది నిమిషాల షార్ట్ ఫిలిం చేద్దామని. మొదట అందరిలాగే తాత కళ్లు మూతపడుతుంటే బొమ్మని మెల్లగా మసకబార్చి నల్లగా చేశాను. అందంగానే ఉంది గానీ నిజం కాదు, నిద్ర అలా రాదు.

విలియం డిమెంట్ అనే అమెరికా నిద్ర పరిశోధకుడు ఒకతని కనురెప్పలు మూతపడకుండా టేపు వేసి, కళ్ల ముందు లైటు మెరిపిస్తూ, మెరిసినప్పుడల్లా బటన్ నొక్కమన్నాడు. కొన్ని నిమిషాలయ్యాక లైటు మెరిసింది, అతను నొక్కలేదు. ఏమని అడిగితే, లైటు రాలేదు కదా అన్నాడు! కళ్లు తెరిచుండగానే క్షణంసేపు నిద్రపోయాడు, పోయినట్టు తనకే తెలీదు. ఎడిటింగులో ఇలా మధ్యలో ముక్క ఎగిరిపోయి బొమ్మ గెంతడాన్ని జంప్ కట్ అంటాం. అందుకే ఆ మసక తీసేసి, గుణుపూర్ రైలు కూత మధ్యలో రెండు సెకన్లు, అంటే 60 ఫ్రేములు, కోసి అతికించాను.

నిద్రలో ఒక ఆవృత్తం సుమారు 90 నిమిషాలు. గంటకో నిమిషం లెక్కన నాకది 90 సెకన్లు. కానీ అన్నీ ఒకేలా ఉండవు. గాఢనిద్ర ఎక్కువగా రాత్రి మొదటి సగంలోనే వస్తుంది, మెదడు తరంగాలు బాగా నెమ్మదిస్తాయి, అక్కడ కట్ లేని పొడుగు షాట్లు పెట్టాలి. తెల్లవారేకొద్దీ కలలు ఎక్కువగా వచ్చే రెమ్ నిద్ర పెరుగుతుంది. 1953లో అసరిన్‌స్కీ, క్లైట్‌మన్ దీన్ని లోకానికి చెప్పారు. ఈ నిద్రలో రెప్పల కింద కళ్లు పరుగులు పెడతాయి, మెదడు మెలకువలో ఉన్నట్టే పనిచేస్తుంది, ఒళ్లు మాత్రం కదలదు. తాతకి మెదడు తరంగాలు కొలిచే ఈఈజీ పెట్టలేదు, రెప్పల కదలిక చూసి ఊహించానంతే. అక్కడ మహేంద్రతనయ నది ఒడ్డు, బడి మెట్లు, మళ్లీ ఒడ్డు, ఏ అతుకూ లేకుండా వేసి, కింద తాత ఊపిరి శబ్దం ఒక్కటే ఆగకుండా నడిపాను. కలలో చోటు మారితే మనకి వింతనిపించదు, తర్కించే మెదడు ముందుభాగం అప్పుడు నెమ్మదిగా ఉంటుంది మరి.

నా పొడుగు షాట్లు మాత్రం నిలవలేదు. వయసు పైబడితే గాఢనిద్ర తగ్గి మెలకువలు పెరుగుతాయి. తాత నాలుగుసార్లు లేచాడు. ఆ నాలుగూ కోయలేదు, చెంబు వెతుక్కోవడంతో సహా ఉంచేశాను.

పొద్దున్నే తాత, "రాత్రి కునుకే పట్టలేదురా" అన్నాడు. ఫోన్లో గురక చూపించాను. చాలాసేపు చూసి, "ఇంతసేపూ నేనెక్కడున్నానురా?" అన్నాడు. ఆ గొంతు ఫిలిం మొదట్లో, రైలు కూత కంటే ముందు పెట్టాను.