అన్నా మే వాంగ్ వద్దన్న పాత్ర

"రోబోకి జాతేంటి?" అనే ప్రశ్న చుట్టూ 2025 వేసవిలో న్యూయార్క్ నాటకరంగంలో పెద్ద గొడవే జరిగింది. 'మేబీ హ్యాపీ ఎండింగ్' అనే మ్యూజికల్ (పాటల నాటకం) కథ సియోల్‌లో నడుస్తుంది, హీరో హీరోయిన్లు ఇద్దరూ పాతబడిపోయిన రోబోలు. హీరో పాత్రకి డారెన్ క్రిస్ ఆ జూన్‌లోనే అమెరికా నాటకరంగంలో పెద్ద అవార్డైన టోనీ అందుకున్నాడు. వాళ్ళమ్మది ఫిలిప్పీన్స్, మ్యూజికల్‌లో ఉత్తమ నటుడిగా టోనీ గెలిచిన మొదటి ఆసియన్ అమెరికన్ అతనే. నెల తిరిగిందో లేదో, అతను కొన్ని వారాలు సెలవులో వెళ్తున్నాడు, ఆ పాత్ర ఆండ్రూ బార్త్ ఫెల్డ్‌మన్ వేస్తాడు అని ప్రకటించారు. ఫెల్డ్‌మన్ తెల్ల నటుడు. ఆసియా నటుడికి రావాల్సిన పాత్ర తెల్లవాడికా అన్న విమర్శకి రచయితలు చెప్పిన సమాధానం ఏంటంటే, ఇవి ఒక అంతర్జాతీయ కంపెనీ తయారుచేసిన రోబోలు, అందుకే వాటికి కొరియన్ పేర్లు కూడా పెట్టలేదు అని.

ఇలాంటి గొడవ ఎప్పుడు లేచినా రెండో రోజుకి చైనా మూలాలున్న పాతకాలపు హాలీవుడ్ నటి అన్నా మే వాంగ్ పేరు బయటికి వస్తుంది, పాత ఫొటో ఒకటి తిరుగుతుంది, 2022లో అమెరికా పావు డాలరు నాణెం మీద ఆమె బొమ్మ వేసిన సంగతి గుర్తుచేస్తారు, అక్కడితో ఆపేస్తారు. లాస్ ఏంజలెస్‌లో వాళ్ళ నాన్న లాండ్రీ, బడి ఎగ్గొట్టి షూటింగులు చూడ్డం, పదిహేడేళ్ళకే హీరోయిన్ అవడం ఎక్కడైనా దొరుకుతాయి కాబట్టి వాటిని వదిలేస్తున్నా. నా దృష్టిలో ఇవాళ్టి గొడవ మొత్తం అర్థమయ్యేది 1935 డిసెంబరు నుంచి 1936 జనవరి దాకా ఆమె చేసిన రెండు పనుల వల్ల. మొదటిదాని గురించి అందరూ రాస్తారు. రెండోదాన్ని ఒక్క వాక్యంలో దాటేస్తారు.

పెర్ల్ బక్ నవల 'ది గుడ్ ఎర్త్' 1931లో వచ్చింది. తెలుగులో 'సుక్షేత్రం'గా చదివినవాళ్ళకి కథ గుర్తుండే ఉంటుంది: వాంగ్ లుంగ్ అనే చైనా రైతు, అతనితో పాటు పొలంలో చాకిరీ చేసిన భార్య ఓలన్, నాలుగు డబ్బులు చేరాక అతను ఇంట్లోకి తెచ్చుకున్న లోటస్. హాలీవుడ్ స్టూడియో ఎంజీఎం దాన్ని సినిమాగా తీస్తోందనగానే ఓలన్ ఎవరన్న దాని మీద చాలామందికి అనుమానమే లేదు. చైనా మూలాలుండి, ప్రపంచమంతా పేరున్న హాలీవుడ్ నటి అప్పటికి ఒక్కతే. ఆమె కూడా ఆ పాత్ర కోసం ఎంత ఆశపడిందో దాచుకోలేదు.

వాంగ్ లుంగ్ పాత్ర పాల్ మునీకి ఇచ్చారు. ఆయన తెల్ల నటుడు. హీరో తెల్లవాడయ్యాక భార్య కూడా తెల్లామే కావాలన్నారు, ఎందుకంటే వేరే జాతులవాళ్ళ మధ్య ప్రేమా పెళ్ళీ చూపించకూడదని హాలీవుడ్ తనకు తాను పెట్టుకున్న నిబంధన 1934 నుంచి గట్టిగా అమలవుతోంది. స్టూడియో తరఫు వాదన అప్పుడూ ఇప్పుడూ ఇదే: మా చేతుల్లో ఏముంది, రూల్ అలా ఉంది. కాలిఫోర్నియాలో చైనీయులూ తెల్లవాళ్ళూ పెళ్ళి చేసుకోవడం 1948 దాకా చట్టవిరుద్ధమే కాబట్టి వినడానికి సబబుగానే ఉంటుంది.

కానీ ఎంజీఎం అన్నా మే వాంగ్‌ని పిలిచి స్క్రీన్ టెస్ట్ చేసింది లోటస్ పాత్రకి. లోటస్ ఎవరు? అదే వాంగ్ లుంగ్ మోజుపడి ఇంటికి తెచ్చుకున్న మనిషి. అంటే అదే పాల్ మునీ పక్కన, భార్యగా అయితే రూల్ అడ్డొస్తుంది, మగాణ్ణి వల్లో వేసుకుని సంసారం పాడుచేసే ఆడదానిగా అయితే అడ్డురాదు! అసలు ఆ నిబంధన కాగితం మీద చెప్పింది కూడా తెల్ల, నల్ల జాతుల మధ్య సంబంధం గురించి. చైనీయుల ప్రస్తావన అందులో లేదు, అమలు దగ్గరికొచ్చేసరికి సాగదీశారు. రూల్ అడ్డమొచ్చిందన్న మాట నేను నమ్మలేకపోవడానికి ఈ ఒక్క స్క్రీన్ టెస్టే కారణం.

ఆమె కుదరదంది. ఆమె అన్నదాని సారాంశం ఇది: ఓలన్ ఇస్తే సంతోషంగా చేస్తాను, కానీ చైనీయుల పాత్రలన్నీ అమెరికన్ నటులే వేస్తున్న సినిమాలో, చైనా రక్తమున్న నన్ను మాత్రం ఆ ఒక్క చెడ్డ పాత్ర వెయ్యమంటున్నారు. ఓలన్‌గా జర్మనీలో పుట్టిన లూయిస్ రైనర్ నటించింది, 1938లో ఆస్కార్ అందుకుంది. లోటస్ పాత్ర వియన్నా డాన్సర్ టిల్లీ లోష్‌కి వెళ్ళింది. పక్క పాత్రల్లో కీ ల్యూక్ లాంటి చైనీస్ అమెరికన్లు ఉన్నారు, ఆ మాట కూడా చెప్పాలి.

చైనా ప్రభుత్వ ప్రతినిధులే ఆమెని తీసుకోవద్దన్నారని, విలన్ల కూతుళ్ళుగా, బానిస పిల్లలుగా నటించి దేశం పరువు తీసిందని అక్కడ కోపం ఉండేదని ఇంకో వాదన ఉంది. కోపం ఉన్న మాట నిజమే. అయితే ఆ బానిస పాత్రల్ని రాసిందెవరు, ఎంపిక చేసిందెవరు అని అడిగితే మళ్ళీ స్టూడియో గుమ్మం దగ్గరికే వస్తాం. డబ్బు లెక్క చూడండి. 1931లో 'డాటర్ ఆఫ్ ది డ్రాగన్' సినిమాలో ఆమెదే టైటిల్ పాత్ర, పారితోషికం 6,000 డాలర్లు. చైనా విలన్‌గా మేకప్ వేసుకున్న స్వీడన్ నటుడు వార్నర్ ఓలాండ్ తెర మీద సుమారు 23 నిమిషాలు కనిపించి 12,000 తీసుకున్నాడు.

ఇక్కడ కొంచెం వెనక్కి వెళ్ళాలి, 1924కి. ఆ ఏడాది ఆమెకి పంతొమ్మిదేళ్ళు. తన పేరు మీదే 'అన్నా మే వాంగ్ ప్రొడక్షన్స్' పెట్టింది. చైనా పురాణ కథలు తానే సినిమాలుగా తీద్దామని. పంతొమ్మిదేళ్ళ పిల్ల, సొంత బ్యానరు, సొంత కథలు! భాగస్వామి వ్యాపారం నిజాయితీగా చెయ్యట్లేదని తేలింది, ఆమె కోర్టుకెక్కింది, కంపెనీ మూతపడింది. ఒక్క సినిమా కూడా బయటికి రాలేదు.

అదే 1924 ఆగస్టుది ఒక కాగితం అమెరికా నేషనల్ ఆర్కైవ్స్‌లో ఉంది. దాన్ని ఫారం 430 అంటారు. చైనా మూలాలున్న అమెరికన్ పౌరులు దేశం దాటి వెళ్ళాలంటే, మళ్ళీ లోపలికి రానిస్తారో లేదో ముందే తేల్చుకోవడానికి నింపాల్సిన దరఖాస్తు అది. దాని పేరులో 'ఎలెజ్డ్ అమెరికన్ సిటిజన్' అని అచ్చేసి ఉంటుంది, అంటే అమెరికా పౌరురాలినని చెప్పుకుంటున్న మనిషి అని. ఆమె పుట్టింది లాస్ ఏంజలెస్‌లో. ఆ ఏడాదే 'ది థీఫ్ ఆఫ్ బాగ్దాద్' సినిమాతో ఊరంతా ఆమె పోస్టర్లు ఉన్నాయి. అయినా కెనడా సరిహద్దు దాటి రావాలంటే, తాను ఫలానా అని రుజువు చేసుకుంటూ ఆ కాగితం మీద సంతకం పెట్టాలి. చైనీయుల రాకని నిషేధిస్తూ 1882లో చేసిన చట్టం 1943 దాకా ఉంది కాబట్టి, ప్రయాణం పెట్టుకున్నప్పుడల్లా ఇదే తంతు.

ఆమె కంటే ముందు కూడా ఒకామె ప్రయత్నించింది. కాలిఫోర్నియాలోని ఓక్లండ్‌లో మేరియన్ వాంగ్ (ఇద్దరికీ చుట్టరికం లేదు) 1916లో మాండరిన్ ఫిల్మ్ కంపెనీ పెట్టి, 'ది కర్స్ ఆఫ్ క్వాన్ గ్వాన్' అనే సినిమా తనే రాసి, తీసి, అందులో నటించింది. కొనే డిస్ట్రిబ్యూటర్ దొరకలేదు. మిగిలిన రీళ్ళు ఇంట్లోనే ఉండిపోయాయి. 2006లో దాన్ని అమెరికా జాతీయ సినిమా రిజిస్ట్రీలో చేర్చారు, తీసిన తొంభై ఏళ్ళకి.

సొంత బ్యానరుంటే ఏమవుతుందో తెలుగువాళ్ళకి ఒకరు వివరించి చెప్పాల్సిన పనిలేదు, మనకి భానుమతి ఉన్నారు. చక్రపాణిగారితో మాటపట్టింపు వచ్చి 'మిస్సమ్మ' వదులుకున్నప్పుడు ఆవిడ చేతిలో భరణి ఉంది. 1954లో భరణి బ్యానర్‌లోనే 'చక్రపాణి' తీసి డైరెక్ట్ చేశారు, 'విప్రనారాయణ'లో దేవదేవి వేశారు. పాత్ర పోయింది, దారి మూసుకుపోలేదు. అన్నా మే వాంగ్‌కి 1935 చలికాలంలో అలాంటి భరణి లేదు. పదకొండేళ్ళ కిందటే కోర్టులో ముగిసిపోయింది.

అందుకే నాకు ఆమె చేసిన రెండో పని ముఖ్యం అనిపిస్తుంది. లోటస్ వద్దన్న కొద్ది వారాలకే, 1936 జనవరిలో, ఆమె శాన్ ఫ్రాన్సిస్కోలో ఓడెక్కి చైనా బయల్దేరింది. అప్పటిదాకా చైనా చూడలేదు. ఆ ప్రయాణాన్ని సినిమాగా తీయించడానికి షాంఘైలో న్యూస్‌రీల్ వాంగ్‌గా పేరుపడ్డ కెమెరామన్‌ని పెట్టుకుంది. స్టూడియో లేదు, స్క్రిప్టు లేదు, ఏ తెల్ల నటుడి పక్కన నిలబడాలా అన్న టెన్షన్ లేదు. ఎక్కడికి వెళ్ళాలో, దేన్ని తీయాలో నిర్ణయించేది తనే. బీజింగ్‌లో కొన్నాళ్ళు ఉండి మాండరిన్ నేర్చుకుంది, తైషాన్ ప్రాంతంలోని తండ్రి ఊరికి వెళ్ళింది.

అక్కడ అంతా పూలదండలే అనుకోవద్దు. హాంగ్‌కాంగ్‌లో జనం కేకలేశారు, నాన్‌జింగ్‌లో అధికారులు విందుకి పిలిచి మరీ ఆమె వేసిన పాత్రల్ని విమర్శించారు. ఎదగాలంటే ఇచ్చిన పాత్ర తీసుకోక తప్పలేదని ఆమె సమాధానం. హాలీవుడ్‌కి ఆమె ఎప్పటికీ చైనా పిల్లే, చైనాకేమో అమెరికా సినిమాల మనిషి. ఇప్పటి ఆసియన్ అమెరికన్ నటులు ఇంటర్వ్యూల్లో ఇంచుమించు ఇదే బాధ చెప్పుకోవడం వింటుంటే మనసు కలుక్కుమంటుంది.

ఆ ఫిల్ము 21 ఏళ్ళు అలా ఉండిపోయింది. 1957లో ఏబీసీ టీవీలో 'బోల్డ్ జర్నీ' అనే కార్యక్రమంలో వేశారు, వ్యాఖ్యానం ఆమెదే. ఇంతటి కెరీర్‌లో ఎవరి అనుమతీ లేకుండా తన చేతిలో ఉంచుకున్న సినిమా అదొక్కటే అని నేననుకుంటాను, అదేమో ఆమె గురించిన జాబితాల్లో చివర్లో ఎక్కడో ఉంటుంది. 1951లో డ్యూమాంట్ నెట్‌వర్క్‌లో ఆమె ప్రధాన పాత్రగా ఒక డిటెక్టివ్ సీరియల్ వచ్చింది. ఆసియన్ అమెరికన్ ప్రధాన పాత్ర ఉన్న తొలి అమెరికన్ టీవీ సీరియల్ అదే. పాత్రకి ల్యూ సాంగ్ అని తన పుట్టు పేరే పెట్టారు. పది ఎపిసోడ్లు. ఇప్పుడు ఒక్క కాపీ కూడా మిగల్లేదు.

2025 గొడవలో గట్టిగా రాసినవాళ్ళలో ఒకాయన నటుడు బి.డి. వాంగ్. ఈయనకిది కొత్త కాదు. లండన్ మ్యూజికల్ 'మిస్ సైగాన్' న్యూయార్క్ బ్రాడ్‌వేకి వచ్చేటప్పుడు, సగం ఆసియా మూలాలున్న 'ఇంజనీర్' అనే పాత్రలో జోనథన్ ప్రైస్ అనే తెల్ల నటుణ్ణే ఉంచుతామంటే, 1990లో వ్యతిరేకించినవాళ్ళలో ఈయనా ముందున్నాడు. నటుల యూనియన్ ఆగస్టులో కుదరదంది. నిర్మాత కామెరన్ మాకింతోష్ అయితే షోనే రద్దు చేస్తున్నానన్నాడు, టికెట్లు అప్పటికే విపరీతంగా అమ్ముడుపోయి ఉన్నాయి. కొద్ది రోజుల్లోనే యూనియన్ వెనక్కి తగ్గింది. కారణాలు మారుతుంటాయి: 1935లో సెన్సారు రూలు, 1990లో కళాకారుడి స్వేచ్ఛ, 2025లో రోబో. ఫెల్డ్‌మన్ మీద నాకే కోపం లేదు, పిల్లవాడు మంచి నటుడు. కానీ తెల్లవాళ్ళ కోసం రాసిన వంద పాత్రలు అతనికి తెరిచి ఉంటాయి, సియోల్‌లో జరిగే ఈ కథలో హీరో పాత్ర లాంటిది ఆసియా మూలాలున్న కుర్రాడికి ఏళ్ళకి ఒకటి వస్తుంది. ఆ లెక్క వదిలేసి రోబోకి జాతేంటి అని అడగడం న్యాయంగా లేదు.

1960లో అన్నా మే వాంగ్‌కి హాలీవుడ్ వాక్ ఆఫ్ ఫేమ్‌లో నక్షత్రం ఇచ్చారు. అదే సమయంలో ప్రధాన పాత్రలు దాదాపు అన్నీ ఆసియన్లతో పెద్ద స్టూడియో సినిమా 'ఫ్లవర్ డ్రమ్ సాంగ్' మొదలవుతోంది, అందులో మేడమ్ లియాంగ్ పాత్ర ఆమెకి అనుకున్నారు. ఆరోగ్యం సహకరించలేదు. 1961 ఫిబ్రవరి 3న శాంటా మోనికాలో ఇంట్లోనే గుండెపోటుతో పోయింది, 56 ఏళ్ళు. ఆ పాత్ర జువానిటా హాల్ వేసింది. ఆమె నల్లజాతి నటి. ఆమెకీ తన జాతి మనిషిగా పెద్ద పాత్రలు దొరకని రోజులవి.