లీజియనెల్లా ఊరూ పేరూ

న్యుమోనియాతో చేరిన పేషెంటు మూత్రం రెండు మూడు చుక్కలు ఒక చిన్న కార్డు మీద వేస్తారు. ప్రెగ్నెన్సీ కిట్ లాంటిదే అది, పావుగంటలో రెండో గీత కనిపిస్తే లీజియనెల్లా అనే బ్యాక్టీరియా ఉన్నట్టు. డాక్టర్ వెంటనే అజిత్రోమైసినో లెవోఫ్లాక్ససినో మొదలుపెడతారు, వేళకు మందు పడింది కాబట్టి చాలామంది కోలుకుని ఇంటికి వెళ్తారు. ఆ కార్డు ఎన్నో ప్రాణాలు నిలబెట్టింది, అందులో సందేహం లేదు. కానీ రెండో గీత దగ్గరే ఆగిపోతే ఈ మనిషి ఆ బ్యాక్టీరియాను ఎక్కడ పీల్చాడు, అదే గాలి పీల్చి రేపు ఇంకెంతమంది మంచం పడతారు అన్న ప్రశ్నకు జవాబు ఎవరి దగ్గరా ఉండదు. మాలాంటి ల్యాబ్ మనుషులం "కార్డు పాజిటివ్ వచ్చినా సరే, కఫం కూడా పంపండి" అని ఎందుకు వెంటపడతామో చెప్పాలంటే 1976 దాకా వెళ్ళాలి.

ఆ ఏడాది జులై 21 నుంచి 24 వరకు అమెరికాలో ఫిలడెల్ఫియా నగరంలోని బెల్‌వ్యూ స్ట్రాట్‌ఫర్డ్ హోటల్లో 'అమెరికన్ లీజియన్' అనే మాజీ సైనికుల సంఘం పెన్సిల్వేనియా శాఖ సభలు జరిగాయి. సభలు ముగించుకుని ఊళ్ళకు చేరిన కొద్ది రోజులకే ఒక్కొక్కరు తీవ్రమైన జ్వరం, దగ్గు, ఆయాసంతో పడిపోవడం మొదలైంది. మొత్తం 221 మంది జబ్బుపడ్డారు, 34 మంది చనిపోయారు. వాళ్ళలో హోటల్లో అడుగే పెట్టనివాళ్ళు, బయట రోడ్డు మీద నడిచి వెళ్ళినవాళ్ళు కూడా ఉన్నారు. అసలే అమెరికా అంతా స్వైన్ ఫ్లూ వస్తుందేమో అన్న టెన్షన్‌లో ఉన్న సమయం అది. ముందు ఫ్లూ అనుకున్నారు, కాదని తేలింది. తర్వాత నికెల్ విషం అనుకున్నారు, అదీ నిలబడలేదు. జనం రావడం మానేసి, నవంబర్‌లో హోటల్ మూతపడింది. నెలలు గడుస్తున్నా చంపింది ఏమిటో అమెరికా ప్రభుత్వ వ్యాధి నియంత్రణ సంస్థ సీడీసీ చెప్పలేకపోయింది.

సీడీసీలో జోసెఫ్ మెక్‌డేడ్ రికెట్సియాల మీద, అంటే వేరే జీవి కణాల లోపలే పెరిగే చిన్న బ్యాక్టీరియాల మీద పనిచేసే శాస్త్రవేత్త. ఆ కోవలో చూసే క్యూ ఫీవర్ అనే జబ్బు కావచ్చేమో చూడమని ఆయనకు పని అప్పజెప్పారు. చనిపోయినవారి ఊపిరితిత్తుల ముక్కల నుంచి తీసిన పదార్థాన్ని గినీ పిగ్‌లకు ఎక్కించారు, అవి జబ్బుపడ్డాయి. వాటి కణజాలాన్ని గాజుపలక మీద రాసి రంగు వేసి చూస్తే అక్కడొకటి ఇక్కడొకటి కడ్డీల్లాంటి బ్యాక్టీరియా కనిపించింది. బయటి నుంచి వచ్చిపడిన చెత్త అయ్యుంటుందని పక్కన పెట్టేశారు. రికెట్సియాలను కోడిగుడ్ల పచ్చసొనలో పెంచుతారు, వేరే బ్యాక్టీరియా పెరిగి పాడుచేయకుండా అందులో యాంటీబయాటిక్ కలపడం మామూలు పద్ధతి. ఇక్కడ ఆ యాంటీబయాటిక్ వెతుకుతున్నదాన్నే చంపేసింది.

క్రిస్మస్‌కీ కొత్త సంవత్సరానికీ మధ్య, ల్యాబ్ ఖాళీగా ఉన్న రోజుల్లో, మెక్‌డేడ్ ఆ పాత స్లైడ్లు మళ్ళీ తీసి ఓపిగ్గా చూశారు. ఈసారి ఒకచోట కడ్డీలు గుంపుగా దొరికాయి. గుంపుగా ఉన్నాయంటే అక్కడ పెరిగినట్టే కదా! వెంటనే యాంటీబయాటిక్ లేకుండా గుడ్లలో వేశారు, అందులో అది విపరీతంగా పెరిగింది. దాని మీద జబ్బు నుంచి బయటపడ్డవాళ్ళ సీరం (రక్తంలోంచి కణాలు తీసేశాక మిగిలే ద్రవం) వేసి చూస్తే యాంటీబాడీలు గట్టిగా అతుక్కున్నాయి. జబ్బు మొదట్లో తీసిన సీరం కంటే తర్వాత తీసినదాంట్లో అవి బాగా పెరిగి ఉన్నాయి. మెక్‌డేడ్, ఆయన పైఅధికారి చార్లెస్ షెపర్డ్ చేసిన ఈ పనిని సీడీసీ 1977 జనవరి 18న లోకానికి చెప్పింది.

నాకు అంతకంటే గొప్పగా అనిపించేది ఆ తర్వాత జరిగింది. సీడీసీ ఫ్రీజర్లలో అంతకుముందు అంతుపట్టని కేసుల సీరం దాచి ఉంది. 1965లో వాషింగ్టన్‌లోని సెయింట్ ఎలిజబెత్స్ ఆస్పత్రిలో 81 మందికి న్యుమోనియా వచ్చి 14 మంది చనిపోయారు. 1968లో మిషిగన్ రాష్ట్రం పాంటియాక్‌లో ఒక ఆరోగ్యశాఖ భవనంలో 144 మందికి జ్వరం వచ్చింది, ఎవరూ చనిపోలేదు, న్యుమోనియా కూడా లేదు. ఏళ్ళ తరబడి జవాబు లేని ఈ రెండు కేసులూ దాచిపెట్టిన సీరంతోనే తేలాయి, రెండింటికీ కారణం ఇదే బ్యాక్టీరియా. అంతేకాదు, 1947లో ఒక గినీ పిగ్ నుంచి తీసి, ఏమిటో తెలియక భద్రం చేసిన సూక్ష్మజీవి కూడా ఇదేనని బయటపడింది. పారేయకుండా ఉంచినవాళ్ళకు ఎన్ని దండాలు పెట్టినా తక్కువే.

1979లో దీనికి లీజియనెల్లా న్యుమోఫిలా అని పేరు పెట్టారు. పేరు కుదిరింది కానీ పెంచడం ఇంకా కష్టంగానే ఉంది. బ్యాక్టీరియాను పెంచడానికి ల్యాబులో రోజూ వాడే బ్లడ్ అగర్, మెకాంకీ ప్లేట్ల మీద ఇది పెరగదు. గ్రామ్ స్టెయిన్ అనే రంగు వేసి పేషెంటు కఫం చూస్తే బోలెడు తెల్ల రక్తకణాలు కనిపిస్తాయి, బ్యాక్టీరియా మాత్రం కనిపించదు. దీనికి ఇనుము కావాలి, సిస్టీన్ అనే అమైనో ఆమ్లం తప్పనిసరిగా కావాలి అని కనిపెట్టాక, ఈస్ట్ సారంలో బొగ్గుపొడి కలిపి నల్లటి ప్లేటు తయారుచేశారు. మీడియంలో పుట్టే హానికర పదార్థాలను ఆ బొగ్గు పీల్చేస్తుంది. 1980, 1981ల్లో బఫర్, ఆల్ఫా కీటోగ్లూటరేట్ చేర్చి మెరుగుపరిచిన ఆ ప్లేటునే ఇప్పటికీ వాడుతున్నాం.

ఆ ప్లేటును దగ్గరగా చూపించాలని ఉంది. కఫంలోనూ నీళ్ళలోనూ ఇతర బ్యాక్టీరియా గుంపులుగుంపులుగా ఉంటాయి, అవి లీజియనెల్లాను తొక్కేస్తాయి. అందుకని శాంపిల్‌ను కొన్ని నిమిషాలు యాసిడ్‌లోనో, అరగంట 50 డిగ్రీల వేడిలోనో ఉంచుతాం. లీజియనెల్లా తట్టుకుంటుంది, మిగతావి చాలావరకు పోతాయి. ప్లేటు మీద రాసి ఇంక్యుబేటర్‌లో పెట్టాక రెండు రోజులు ఏమీ ఉండదు. మూడో రోజో నాలుగో రోజో నల్లటి ప్లేటు మీద బూడిద తెలుపు చుక్కలు లేస్తాయి, వీటినే కాలనీలంటాం. కాస్త పెద్దది చేసి చూస్తే నూరిన గాజుపొడిలా మెరుస్తూ, అంచుల్లో గులాబీ, నీలి ఆకుపచ్చ రంగులతో ఉంటాయి. ఒక కాలనీని తీసి సిస్టీన్ ఉన్న ప్లేటు మీద సగం, లేని ప్లేటు మీద సగం రాస్తాం. ఉన్నదాని మీదే పెరిగితే అనుమానం చాలావరకు తీరినట్టే. తర్వాత చిన్న అట్ట మీద యాంటీబాడీ పూసిన లేటెక్స్ చుక్కలో ఆ కాలనీ కలిపి తిప్పితే, చూస్తుండగానే పాలు విరిగినట్టు గడ్డలు కడుతుంది. ఏ యాంటీబాడీకి అతుక్కుంటుందో దాన్నిబట్టి చేసిన రకాలే సెరోగ్రూపులు. సెరోగ్రూప్ 1 అయితే ఒక చుక్కలో, 2 నుంచి 14 వరకైతే ఇంకో చుక్కలో.

ఇక్కడి నుంచే టైపింగ్, అంటే ఒకే బ్యాక్టీరియాలో రకాలను విడదీసే పని కథ మొదలవుతుంది. ఫిలడెల్ఫియా, టోగస్, బ్లూమింగ్టన్, లాస్ ఏంజలెస్, డాలస్, షికాగో... మొదటి ఆరు సెరోగ్రూపుల ప్రామాణిక స్ట్రెయిన్ల పేర్లివి, అమెరికా మ్యాపు చదివినట్టు ఉంటుంది. ఇప్పుడు లీజియనెల్లాలో 60కి పైగా జాతులు ఉన్నాయి, ఒక్క న్యుమోఫిలాలోనే 15కు పైగా సెరోగ్రూపులు. వీటిలో మనుషులను ఎక్కువగా పడగొట్టేది సెరోగ్రూప్ 1. ఆస్ట్రేలియా, న్యూజిలాండ్‌లలో మాత్రం మొక్కల కుండీల్లో వేసే కంపోస్టు మట్టి నుంచి లాంగ్‌బీచీ అనే మరో జాతి బాగా సోకుతుంది.

చిక్కేమిటంటే, ఊళ్ళో కూలింగ్ టవర్లు (పెద్ద భవనాల ఏసీ వేడిని నీళ్ళతో చల్లార్చేవి), షవర్లు, ఫౌంటెన్లు వెతికితే సెరోగ్రూప్ 1 చాలాచోట్ల దొరుకుతుంది. ఇది నీటిలో బతికే జీవి, అమీబాల లోపల పెరుగుతుందని 1980లో ఇంగ్లండ్‌లో రోబోథమ్ చూపించారు. గోరువెచ్చటి నీళ్ళు, పైపుల్లో పాచి ఉంటే ఇక దానికి పండగే. మనిషి నుంచి మనిషికి అంటడం దాదాపు లేదు, నీటి తుంపర్లు గాలిలో కలిసి ఊపిరితిత్తుల్లోకి పోవాలి. కాబట్టి ఏదో ఒక టవర్లో సెరోగ్రూప్ 1 కనిపించిందని "ఇదే చంపింది" అనడం, దొంగ తెల్లచొక్కా వేసుకున్నాడని తెల్లచొక్కా వేసుకున్న ప్రతివాణ్నీ పట్టుకోవడం లాంటిది.

అందుకే ఇంకా సన్నగా వడకట్టే పద్ధతులు వచ్చాయి. ఒకే ఒక్క గుర్తును పట్టే మోనోక్లోనల్ యాంటీబాడీలతో సెరోగ్రూప్ 1ని ఉపరకాలుగా విడదీశారు. జీనోమ్‌ను, అంటే బ్యాక్టీరియా మొత్తం డీఎన్ఏను, ఎంజైముతో కత్తిరించి, జెల్‌లో ముక్కల వరసను చూసే పద్ధతి వచ్చింది, కానీ ఒక ల్యాబ్ జెల్‌ను ఇంకో ల్యాబ్ జెల్‌తో పోల్చడం తలనొప్పి. 2000 తర్వాత యూరప్ ల్యాబులు కలిసి ఏడు జన్యువులను చదివి వాటి కలయికకు ఒక నంబర్ (సీక్వెన్స్ టైప్, క్లుప్తంగా ఎస్‌టీ) ఇచ్చే పద్ధతిని నిలబెట్టాయి. ఫిలడెల్ఫియాది ఎస్‌టీ 36. నంబర్ కాబట్టి పారిస్‌లో చదివినా లండన్‌లో చదివినా ఒకటే. అయితే ఎస్‌టీ 1 లాంటివి ప్రపంచమంతా ఉన్నాయి, వాటి దగ్గర ఏడు జన్యువులు సరిపోవు. అలా మొత్తం జీనోమ్ చదవడం దాకా వచ్చాం.

దీని విలువ 2015లో న్యూయార్క్ సౌత్ బ్రాంక్స్‌లో బాగా తెలిసింది. 138 మంది జబ్బుపడ్డారు, 16 మంది చనిపోయారు. చుట్టుపక్కల చాలా కూలింగ్ టవర్లలో లీజియనెల్లా దొరికింది. పేషెంట్ల నుంచి పెంచిన బ్యాక్టీరియా జీనోములను టవర్ల నుంచి పెంచినవాటితో పక్కపక్కన పెట్టి చూశాక, ఒక హోటల్ మీదున్న టవర్ దగ్గర వేలు ఆగింది. ఆ స్ట్రెయిన్ దగ్గరి బంధువులు బ్రాంక్స్‌లో అంతకుముందు ఏళ్ళ పేషెంట్లలోనూ ఉన్నాయని కూడా బయటపడింది, అది కూడా పాత కల్చర్లు, అంటే అప్పట్లో పెంచిన బ్యాక్టీరియా, దాచి ఉంచబట్టే. ఆ ఏడాదే న్యూయార్క్ నగరం కూలింగ్ టవర్లను రిజిస్టర్ చేయాలని, పరీక్షించాలని చట్టం తెచ్చింది.

మళ్ళీ మూత్రం కార్డు దగ్గరికి. అది పట్టేది ప్రధానంగా సెరోగ్రూప్ 1 యాంటిజెన్‌నే, అంటే యాంటీబాడీ అతుక్కునే దాని ముక్కనే. మిగతా సెరోగ్రూపులు, లాంగ్‌బీచీ లాంటి జాతులు అయితే నెగటివ్ వచ్చే అవకాశం ఎక్కువ, లీజియనెల్లా కాదని మనం నమ్మేస్తాం. పాజిటివ్ వచ్చినా చేతిలో బ్యాక్టీరియా ఉండదు, మూత్రంలో దాని పెంకు ముక్కలు మాత్రమే ఉంటాయి, వాటి నుంచి జీనోమ్ చదవలేం. వైద్యానికి టైపింగ్ అక్కర్లేదు, ఏ ఎస్‌టీ అయినా మందు అదే. అందుకే డాక్టర్లకు దాని మీద ధ్యాస తక్కువ, అది నాకు అర్థమవుతుంది. యాంటీబయాటిక్ పడకముందే కఫం తీయడం వీలైతే మంచిది, కానీ దానికోసం మందు ఆపకూడదు. మందు మొదలయ్యాక తీసినా పంపడం మానొద్దు, చాలాసార్లు పెరుగుతుంది. కొందరు పేషెంట్లకు కఫమే రాదు, వచ్చినా పల్చగా ఉందని కొన్ని ల్యాబులు తిప్పిపంపుతాయి, లీజియనెల్లా విషయంలో అలా తిప్పిపంపడం తప్పు. పీసీఆర్ పాజిటివ్ వచ్చిన శాంపిల్ నుంచి నేరుగా ఆ ఏడు జన్యువులను చదివే ప్రయత్నం చేయొచ్చు, కానీ బ్యాక్టీరియా చాలినంత లేకపోతే సగంలో ఆగిపోతుంది.

1976లో చనిపోయినవాళ్ళ నుంచి పెంచిన బ్యాక్టీరియా ఇప్పటికీ ఫ్రీజర్లలో ఉంది. ఫిలడెల్ఫియా 1 జీనోమ్‌ను 2004లో పూర్తిగా చదివారు, సుమారు 34 లక్షల అక్షరాలు. 2016లో సీడీసీ వాళ్ళు ఆ సభల నాటి మిగతా కల్చర్లను కూడా చదివి, అవి అన్నీ అచ్చుగుద్దినట్టు ఒకేలా లేవని చూపించారు. పేషెంట్ల వైపు ఇంత ఉంది. రెండో వైపు మాత్రం ఖాళీ. లీజియనెల్లాను నీటి నుంచి పెంచడం అప్పటికి ఎవరికీ తెలియదు, తెలిసేసరికి ఆ వేసవి నీళ్ళు ఎప్పుడో పోయాయి. హోటల్ కూలింగ్ టవరే కారణమని అందరం అనుకుంటాం, నేనూ అనుకుంటాను. పక్కన పెట్టి పోల్చడానికి మాత్రం ఆ హోటల్ నుంచి తీసిన ఒక్క కాలనీ కూడా లేదు.