ఫిరంగులు వదిలి రైఫిళ్లు పట్టిన బ్రిగేడ్: ఇటలీలో టాస్క్ ఫోర్స్ 45

1944 జూన్ 4న రోమ్ నగరం మిత్రరాజ్యాల వశమైన కొద్ది వారాలకే, ఆ విజయం సాధించిన అమెరికా అయిదో సైన్యం వేగంగా కరిగిపోవడం మొదలైంది. దక్షిణ ఫ్రాన్స్‌పై దాడికి మూడు అమెరికన్ డివిజన్లను, నాలుగు డివిజన్ల ఫ్రెంచి సేనను ఇటలీ నుంచి తరలించడంతో సుమారు 2,49,000గా ఉన్న సైనిక బలం ఆగస్టు నాటికి 1,53,000కు పడిపోయింది. శత్రువు మాత్రం అపెనైన్ పర్వతాలలో గోథిక్ లైన్ పేరిట కొత్త రక్షణ రేఖను పటిష్ఠం చేసుకుంటున్నాడు. ఆర్నో నది వెంట పడమటి తీరం దాకా వరుస పరచడానికి పదాతి సైనికులు చాలలేదు.

కొత్త డివిజన్లు వస్తాయన్న ఆశ కూడా పెద్దగా లేదు. కర్మాగారాలకూ వైమానిక దళానికీ నౌకాదళానికీ మనుషులు కావాలి గనుక భూతల సేనను 90 డివిజన్లకు మించనివ్వరాదని వాషింగ్టన్ 1943లోనే నిర్ణయించుకుంది. అదే సమయంలో జర్మన్ విమానాలను తట్టుకోవడానికి విమాన విధ్వంసక ఫిరంగి బెటాలియన్లను మాత్రం 550కి పైగా సిద్ధం చేసింది. ఆ లెక్క వేసిన రోజుల్లో అది అతిశయమేమీ కాదు. పోలెండ్‌లోనూ ఫ్రాన్స్‌లోనూ జర్మన్ వైమానిక దళం లుఫ్ట్‌వాఫే ఏం చేసిందో అందరూ చూశారు. తీరా 1944 వేసవి వచ్చేసరికి ఇటలీ ఆకాశంలో జర్మన్ విమానం కనిపించడమే అరుదైంది. ఫిరంగుల పక్కన వేలాది మంది శిక్షితులైన సైనికులు పనిలేక కూర్చోగా, నాలుగు మైళ్ల ముందున్న కందకాలలో మనుషులు కరువయ్యారు.

ఆ వైరుధ్యం నుంచే, 1944 జులైలో, 45వ విమాన విధ్వంసక ఫిరంగి బ్రిగేడ్ ప్రధాన కార్యాలయం చుట్టూ టాస్క్ ఫోర్స్ 45 అనే పదాతి బలగం రూపుదిద్దుకుంది. ఎక్కువ భాగం ఫిరంగి సిబ్బందితోనే ఏర్పడిన ఈ బలగాన్ని కొన్ని డివిజన్ల సమూహమైన నాలుగో కోర్ కింద ఆర్నో ముఖాన నిలిపారు. శిక్షణ ముగిశాక యుద్ధరంగానికి పంపే తీరిక లేదు. చాలా వరకు వరుసలో నిలబడే నేర్చుకున్నారు. గన్నరుకు, అంటే ఫిరంగి సైనికుడికి, జట్టుగా పనిచేయడమూ యంత్రాన్ని చూసుకోవడమూ బాగా తెలుసు. అతను నేర్వనిది మరొకటి: చీకట్లో గస్తీకి వెళ్లడం, మందుపాతరల మధ్య దారి వెతకడం, తన మోర్టార్ల గుండ్లు ముందు పడుతుండగా వాటి వెనకే లేచి నడవడం. అధికారుల పరిస్థితి అంతకన్నా కష్టం. కంపెనీని దాడికి నడిపించడం ఫిరంగి పాఠశాల నేర్పే విద్య కాదు.

నదీ తీరాన్ని కాపలా కాయడంలో ఈ బలగం ఫరవాలేదనిపించుకుంది. సెప్టెంబరు 15న అప్పుడే దిగిన బ్రెజిల్ సైన్యపు మొదటి దళానికి తన వరుసలో కొంత భాగాన్ని అప్పగించింది. అసలు పరీక్ష నవంబరులో, బొలోన్యాకు వెళ్లే 64వ నంబరు రహదారిని పైనుంచి చూస్తున్న బెల్వెదేరె, కాస్తెల్లో కొండల మీద ఎదురైంది. నవంబరు 24న బ్రెజిల్ బెటాలియన్‌ ఒకదాన్ని కూడా కలుపుకొని ఈ బలగం దాడికి దిగింది. కాస్తెల్లో లొంగలేదు. సుమారు 1,140 మీటర్ల బెల్వెదేరెపై పట్టు దొరికినా, జర్మన్ల ఎదురుదాడితో నెలాఖరుకల్లా అది చేజారిపోయింది. ఆ కొండను 1945 ఫిబ్రవరిలో, పర్వత యుద్ధానికే ప్రత్యేకంగా తయారైన 10వ మౌంటెన్ డివిజన్ గెలిచిందని గుర్తుంచుకుంటే, నవంబరు వైఫల్యాన్ని గన్నర్ల చేతకానితనం కింద జమకట్టడం న్యాయం కాదనిపిస్తుంది.

ఇలా మిగులు మనుషులను పదాతి దళంలోకి మళ్లించడం అమెరికా ఒక్కదాని పని కాదు. బ్రిటన్ కూడా 1945 జనవరిలో తన మిగులు ఫిరంగి దళాల నుంచి కొన్ని పదాతి బ్రిగేడ్లను తయారు చేసింది. జర్మనీ 1942 నుంచే వైమానిక దళ సిబ్బందితో డివిజన్లు నిర్మించింది. అయితే వారిని సైన్యానికి అప్పగించడానికి వైమానిక దళాధిపతి గోరింగ్ ఒప్పుకోక తన అధీనంలోనే పెట్టుకోవడం వల్ల, అనుభవజ్ఞులైన పదాతి అధికారులు లేక ఆ డివిజన్లు ఘోరంగా దెబ్బతిన్నాయి.

అమెరికన్లు ఇటలీలో ఆ పొరపాటును కొంత తప్పించుకున్నారు. 1945 జనవరిలో 434, 435, 532, 900 సంఖ్యల విమాన విధ్వంసక బెటాలియన్ల సిబ్బందితో 473వ పదాతి రెజిమెంటును ఏర్పరచి, తర్వాత దాని పగ్గాలను పారాచూట్ దళంలో యుద్ధాలు చూసిన కర్నల్ విలియం యార్బరోకు ఇచ్చారు. మార్చిలో ఆ రెజిమెంటు నల్లజాతి సైనికుల 92వ డివిజన్‌లో చేరింది. అప్పటికి అమెరికా సైన్యం జాతుల వారీగానే విడిగా ఉండేది. అయినా ఆ డివిజన్ కింద నల్లజాతి 370వ రెజిమెంటు, జపాన్ మూలాల 442వ రెజిమెంటు, తెల్లవారి 473వ రెజిమెంటు పక్కపక్కనే పోరాడాయి. ఆ ఏర్పాటుకు ఉదారభావం కారణం కాదు. ఉన్నవారితో సరిపెట్టుకోక తప్పని స్థితే దాన్ని తెచ్చిపెట్టింది.

ఏప్రిల్ 5న వసంత దాడి మొదలయ్యాక, 442వ రెజిమెంటు కొండల మీదుగా పోతుంటే మాజీ గన్నర్లు మధ్యధరా తీరం వెంట మస్సా, లా స్పెజియా మీదుగా సాగి 27న జెనోవాలో ప్రవేశించారు. ఆ నగరంలోని జర్మన్ సేనాధిపతి అంతకు రెండు రోజుల ముందే ఇటాలియన్ పార్టిజాన్లకు (జర్మన్లపై పోరాడిన గెరిల్లాలకు) లొంగిపోయి ఉన్నాడు. యుద్ధం ముగిసిన ఏడాదే 473వ రెజిమెంటు రద్దయింది. పక్కన నడిచిన 442వ దళానికి దక్కిన కీర్తిలో పిసరంతైనా దీనికి దక్కలేదు. బెల్వెదేరె పోరు వర్ణనల్లోనూ 10వ మౌంటెన్ డివిజన్‌కు ముందు ఎదురైన విఫలయత్నంగానే ఈ ఫిరంగి బ్రిగేడ్ ప్రస్తావన వస్తుంటుంది.