మార్కెట్ వీధిలో 13 నిమిషాలు

చిరంజీవులైన పిల్లలకు తాతయ్య ఆశీస్సులు.

నూరేళ్ల కిందట పట్నాల్లో జనం వీధిలో ఎలా నడిచేవారని మీరు అడిగారు. నేను వర్ణించి చెప్పడం కంటే, 1906లో శాన్‌ఫ్రాన్సిస్కోలో మైల్స్ సోదరులు తీసిన 13 నిమిషాల మూగచిత్రం మీరే చూడడం మేలు. వారు చేత్తో తిప్పే కెమెరాను కేబుల్ కారు ముందుభాగాన నిలిపి, మార్కెట్ వీధి పొడవునా రేవు దగ్గరి ఫెర్రీ బిల్డింగ్ దాకా తీసుకుపోయారు. కేబుల్ కారంటే, వీధి కింద ఎడతెగక సాగే ఉక్కుతాడును పట్టుకొని నడిచే బండి.

ఆ వీధిలో సిగ్నళ్లు లేవు. గుర్రపు బళ్లు, సైకిళ్లు, కొత్తగా వచ్చిన మోటారు కార్లు, పరుగెత్తే కుర్రాళ్లు ఎవరికి తోచిన దారిన వారు కెమెరాకు అడ్డంగా వెళ్తుంటారు. కోఠిలో రోడ్డు దాటిన వారికి ఇదేమీ వింతగా ఉండదు. టోపీ లేని తల కోసం మాత్రం వెతుక్కోవాలి. ఈమధ్య కొందరు ఈ చిత్రానికి రంగులద్ది, చప్పుళ్లు చేర్చారు. అవి ఆనాటివి కావు కనుక, మీరు నలుపు తెలుపుల్లోనే చూడండి.

ఇది 1905 నాటిదని చాలాకాలం అనుకున్నారు. చలనచిత్ర చరిత్రకారుడు డేవిడ్ కీన్ వీధిలో నిలిచిన వాననీటిని చూసి పాత పత్రికల్లోని వాతావరణ వార్తలు తిరగేశారు, ఒక కారు నంబరు పలకను బట్టి దాని రిజిస్ట్రేషన్ 1906 మొదట్లో జరిగిందని తేల్చారు. ఆ విధంగా, చిత్రం తీసింది 1906 ఏప్రిల్‌లో, భూకంపానికి కొద్ది రోజుల ముందేనని తెలిసింది. ఏప్రిల్ 18 తెల్లవారుజామున 5 గంటల 12 నిమిషాలకు నేల కంపించింది. తరువాత రేగిన మంటలు మూడు రోజులకు పైగా ఆరలేదు. మైల్స్ సోదరుల స్టూడియో కూడా కాలిపోయింది. చిత్రం నెగెటివ్‌ను అంతకు ముందే రైల్లో న్యూయార్క్ పంపించి ఉండడం వల్లనే అది మనకు దక్కింది. మీరు చూసే కట్టడాల్లో అనేకం ఆ వారంలోనే బూడిదయ్యాయి. ఫెర్రీ బిల్డింగ్ గడియార గోపురం మాత్రం నేటికీ నిలిచి ఉంది.

ఒక చిన్న కిటుకు కూడా చెప్పాలి. వీధి నిండా కార్లున్నట్టు కనబడాలని కాబోలు, కొన్ని కార్లు కెమెరా చుట్టూ తిరిగి మళ్లీ మళ్లీ ముందుకు వస్తాయి. వాటిని పోల్చుకొని, ఒక్కొక్కటి ఎన్నిసార్లు వచ్చిందో లెక్కపెట్టి నాకు రాయండి.

మీ తాతయ్య